పదానికి 90 పైసల నుంచి బోస్టన్ ఇన్‌బాక్స్ దాకా: ఒక కేస్ స్టడీ

ఇది నా సొంత కేసు. ఉండేది తెనాల్లో. 2015 నుంచి 2023 దాకా ఇంగ్లిష్ కంటెంట్ రాశాను, అప్పుడప్పుడూ తెలుగు అనువాదాలు చేశాను. 2023 మే నుంచి వర్చువల్ అసిస్టెంట్‌గా, అంటే ఇంటి నుంచే ఇంకొకరి మెయిల్స్, మీటింగులు, కాగితాలు చూసిపెట్టే మనిషిగా, పనిచేస్తున్నాను. కంటెంట్ రాసే స్నేహితులు ఈ మధ్య తరచూ ఫోన్ చేసి "నువ్వెలా మారావు? మేమూ మారొచ్చా?" అని అడుగుతున్నారు. ఒక్కొక్కరికీ సగం సగం చెప్పేకన్నా, ఒక్క క్లయింట్ కథనే మొదటి నుంచీ ఇప్పటిదాకా లెక్కలతో సహా రాస్తే ఎక్కువ పనికొస్తుందనిపించింది. ఆవిడని అడిగే రాస్తున్నాను. పేరు, ఊరి వివరాలు, సంస్థల పేర్లు మాత్రం రాయను.

పని ఎలా తగ్గిందంటే

2022లో నా రేటు పదానికి 90 పైసలు. హైదరాబాద్‌లోని ఒక ఏజెన్సీ నెలకి ఇరవై ఆర్టికల్స్ దాకా ఇచ్చేది. వాటితో పాటు ఇద్దరు విదేశీ క్లయింట్లు. అన్నీ కలిపి నెలకి 28 నుంచి 32 వేలు వచ్చేవి. పాప స్కూల్ ఫీజు, ఇంటి సరుకులు నా డబ్బుతోనే గడిచేవి.

2022 నవంబర్ 30న చాట్‌జీపీటీ వచ్చింది. రెండు నెలలు తేడా ఏమీ తెలియలేదు. ఫిబ్రవరిలో ఏజెన్సీ నుంచి మెయిల్ వచ్చింది: ఇకమీదట డ్రాఫ్ట్ మేమే పంపుతాం, మీరు దాన్ని మనిషి రాసినట్టు దిద్దండి, పదానికి 30 పైసలిస్తాం. ఒప్పుకున్నాను. దిద్దడం మొదలుపెట్టాక తెలిసింది, రాయడం కన్నా దానికే ఎక్కువ టైమ్ పడుతోందని. డ్రాఫ్ట్‌లో వాక్యాలు నున్నగా ఉండేవి, లోపల విషయం తప్పు. ఉన్నాయో లేవో తెలియని నివేదికలు, ఎవరూ అనని మాటలు. ఒక్కొక్కటీ వెతికి చూడాల్సి వచ్చేది. వెతక్కుండా వదిలేయడం నాకు చేతకాలేదు. అందుకని వెయ్యి పదాలకి 300 రూపాయలు తీసుకుని మూడు గంటలు కూర్చునేదాన్ని. ఏప్రిల్ నెల మొత్తం రాబడి 11 వేలు.

అప్‌వర్క్‌లో రెండు నెలలు

మార్చి, ఏప్రిల్ నెలల్లో అందరూ చేసే పనే నేనూ చేశాను. అప్‌వర్క్ అంటే ఫ్రీలాన్స్ పనులు దొరికే సైట్. అక్కడ నా ప్రొఫైల్ పైన "కంటెంట్ రైటర్" తీసేసి "వర్చువల్ అసిస్టెంట్" అని పెట్టాను. అక్కడ పనికి అప్లై చేయడానికి కావాల్సిన కనెక్ట్స్ అనే టోకెన్లు కొని 43 ప్రపోజల్స్ పంపాను. దొరికింది ఒక్క పని: ఆరు వందల షాపుల అడ్రసులు వెబ్‌సైట్ల నుంచి షీట్‌లోకి ఎక్కించడం. గంటకి 3 డాలర్లు. ఆ సైట్‌లో అంతకన్నా తక్కువ పెట్టడానికి వీల్లేదు కాబట్టి 3. అందులోంచి కూడా, అప్పటి లెక్క ప్రకారం ఒక క్లయింట్‌తో మొదటి 500 డాలర్ల దాకా అప్‌వర్క్ 20 శాతం కోసుకునేది. తర్వాత ఆ ఏడాది మేలో దాన్ని అందరికీ 10 శాతం చేశారు.

ఈ రెండు నెలల్లోనే టెలిగ్రామ్‌లో ఒకరు నా అప్‌వర్క్ అకౌంట్ నెలవారీ అద్దెకి ఇమ్మన్నారు. ఇంకొకరు ట్రైనింగ్ ఫీజు కడితే అమెరికా క్లయింట్ గ్యారెంటీ అన్నారు. రెండింటికీ దూరంగా ఉండండి. అద్దెకిచ్చిన అకౌంట్‌లో ఏం జరిగినా పోలీసుల ముందు నిలబడేది మీ పేరు, మీ ఆధార్.

అప్‌వర్క్‌ని నేను చెడ్డదనడం లేదు. అక్కడ నిలదొక్కుకున్నవాళ్లు నాకు తెలుసు. కానీ టైటిల్ మార్చగానే నా ఎనిమిదేళ్ల పని సున్నా అయిపోయింది. కాలేజీ నుంచి అప్పుడే బయటికొచ్చిన పిల్లలతో, నా రేటులో సగానికి, నా కన్నా వేగంగా టైప్ చేసేవాళ్లతో పోటీకి నిలబడ్డాను. నాకున్న బలం ఆ లైన్లో ఎవరికీ కనిపించదు. అది ఎక్కడ కనిపిస్తుందో నాకే తెలియలేదు, బోస్టన్ నుంచి ఆ మెయిల్ వచ్చేదాకా.

పదకొండు వేల మెయిల్స్

బోస్టన్ దగ్గర ఉండే ఒకావిడకి 2020 నుంచి నెలకి రెండు బ్లాగులు రాసేదాన్ని. ఆవిడది గ్రాంట్ కన్సల్టింగ్. అమెరికాలో చిన్న చిన్న సేవాసంస్థలుంటాయి: బడి అయ్యాక పిల్లలకి చదువు చెప్పేవి, పేదలకి సరుకులిచ్చేవి. అలాంటివాటికి ఫౌండేషన్ల నుంచి, ప్రభుత్వం నుంచి నిధుల కోసం దరఖాస్తులు రాసిపెట్టడం ఆవిడ పని. ఒక్కరే మనిషి, పదిహేడు సంస్థలు.

2023 ఏప్రిల్ చివర్లో ఆవిడ రాశారు: "మే నుంచి బ్లాగులు ఆపేద్దామనుకుంటున్నాను. ఏఐతో డ్రాఫ్ట్ నేనే తెప్పించుకుని సరిచేసుకోగలుగుతున్నాను. మీ పనిలో లోపమేమీ లేదు."

ఆ రాత్రి జవాబు రాయలేదు. మూడేళ్ల పాత మెయిల్స్ తీసి మొదటి నుంచి చదివాను. డెబ్బై డ్రాఫ్టులు పంపాను. అందులో సగానికి పైగా రెండు వారాలు దాటాక గానీ ఓకే కాలేదు. నా ఇన్‌వాయిస్‌లు తొమ్మిదిసార్లు ఆలస్యమయ్యాయి. ప్రతిసారీ ఒకటే మాట: "క్షమించండి, మెయిల్ కింద ఎక్కడో పడిపోయింది." ఒకే టైమ్‌కి ఇద్దరికి మాటిచ్చి మా కాల్ వాయిదా వేసినవి మూడు. అవి వచ్చినప్పుడు నా డబ్బు ఆలస్యమైందనే బాధ తప్ప ఇంకేమీ కనిపించలేదు. వరసగా చదివితే మాత్రం ఒక మనిషి ఊపిరాడకుండా పనిచేస్తున్నట్టు కనిపించింది.

మర్నాడు ఇలా రాశాను. బ్లాగుల సంగతి ఎత్తలేదు. మీకు రాసేవాళ్ల కొరత లేదు, వచ్చినవి చూసేవాళ్ల కొరత ఉంది. గత మూడేళ్లలో మన మధ్య జరిగినవి ఇవి, అని పైన చెప్పిన లెక్కలు పెట్టాను. రెండు వారాలు, పది గంటలు, గంటకి 6 డాలర్లు, మీ ఇన్‌బాక్స్ ఒక్కటే చూస్తాను, నచ్చకపోతే అక్కడితో ఆపేద్దాం అన్నాను. నాలుగు గంటల్లో జవాబొచ్చింది. ఆవిడ అదే రోజు జవాబివ్వడం మూడేళ్లలో అదే మొదటిసారి.

43 ప్రపోజల్స్‌లో నేను నా గురించి చెప్పుకున్నాను. ఈ ఒక్కదాంట్లో ఆవిడ గురించి చెప్పాను, అదీ ఆవిడ సొంత మెయిల్స్ నుంచే. నా కేసులో మొత్తం మలుపు ఇక్కడే ఉందని నా నమ్మకం.

పాస్‌వర్డ్ అడగలేదు. జీమెయిల్‌లో మన పెట్టెని ఇంకొకరు తెరిచి చదివి జవాబిచ్చేలా అనుమతి ఇచ్చే సెట్టింగ్ ఉంది. డెలిగేషన్ అంటారు. అలా వెళ్లినవాళ్లు పాస్‌వర్డ్ మార్చలేరు. యజమాని ఎప్పుడు కావాలంటే అప్పుడు తీసేయొచ్చు. లోపలికి వెళ్లి చూస్తే చదవనివి 11,400. ముప్పాతిక వంతు న్యూస్‌లెటర్లు, వెబినార్ ఆహ్వానాలు, సాఫ్ట్‌వేర్ కంపెనీల ప్రకటనలు. వాటికి ఫిల్టర్లు పెట్టి పక్కకి తోశాను. ఏదీ డిలీట్ చేయలేదు. మనది కాని పెట్టెలో డిలీట్ అనే బటన్ జోలికి వెళ్లకూడదు. మిగిలినవాటికి నాలుగే లేబుళ్లు: ఈరోజు మీరే చూడాలి, ఈ వారం చూడాలి, నేను జవాబిచ్చాను, వాళ్ల జవాబు కోసం ఆగాం. రెండో వారం చివరికి ఆవిడ తప్పనిసరిగా చూడాల్సినవి 63 తేలాయి.

ఆ రెండు వారాల్లో మొదలుపెట్టిన అలవాటు ఒకటి ఈరోజు దాకా ఆపలేదు. బోస్టన్‌లో తెల్లవారేసరికి ఆవిడకి ఐదు లైన్ల మెయిల్ ఉంటుంది. ఈరోజు ఏ మీటింగులు, మీరు తేల్చాల్సినవి ఏవి, నేను పూర్తిచేసినవి ఏవి, ఎవరి జవాబు కోసం ఎన్ని రోజులుగా చూస్తున్నాం. ఐదు దాటనివ్వను.

రైటర్ చేయి అడ్డుపడిన చోటు

మొదటి వారంలో ఒక సంస్థ డైరెక్టర్‌కి ఆవిడ తరఫున జవాబు రాశాను. నాలుగు పేరాలు, అందమైన ఇంగ్లిష్. పలకరింపు, కృతజ్ఞత, విషయం, మళ్లీ కృతజ్ఞత. అది చూసి ఆవిడ నాతో అన్న మాట: "బాగుంది. కానీ ఇది నేను రాసినది కాదని ఆమెకి మొదటి లైన్లోనే తెలిసిపోతుంది."

ఆ వారాంతం ఆవిడ పంపిన పాత మెయిల్స్ రెండు వందలు చదివాను. పేరుతో పలకరించి నేరుగా విషయంలోకి వెళ్తారు. ఆశ్చర్యార్థకం వాడరు. చెడ్డవార్తని మొదటి వాక్యంలోనే చెప్పేస్తారు. చివర్లో థాంక్స్, పేరులో మొదటి అక్షరం, అంతే. సగటున నలభై పదాలు దాటవు. ఇవన్నీ ఒక పేజీలో రాసుకుని పక్కన పెట్టుకున్నాను. ఇంకొకరి గొంతులో రాయడం కంటెంట్ రైటర్‌కి కొత్త కాదు. బ్రాండ్ గొంతు అంటూ ఎనిమిదేళ్లు చేసింది అదే. తేడా అంతా పొడవులోనే ఉంది. పదానికి డబ్బు తీసుకున్న చేయి పదాన్ని వదులుకోదు. నాకు అది వదలడానికి దాదాపు నాలుగు నెలలు పట్టింది.

ఇంకో తప్పు అంతకన్నా పెద్దది. జూన్‌లో ఒక కొత్త సంస్థ "మూడు వారాల్లో మా దరఖాస్తు చేసిపెట్టగలరా" అని అడిగింది. ఆవిడ ప్రయాణంలో ఉన్నారు. మొహం మీద కాదనడం ఎందుకని, మనవాళ్లం "చూద్దాం లెండి" అంటాం చూడండి, ఆ అర్థం వచ్చేలా మర్యాదగా ఇంగ్లిష్‌లో రాసి పంపాను. "చూద్దాం లెండి" అంటే తెనాల్లో ఎవరికైనా తెలుసు, అది ఎక్కువసార్లు కాదనడమే. కానీ ఇంగ్లిష్‌లోకి వెళ్లేసరికి అది మాటిచ్చినట్టయింది. వాళ్లు బోర్డు మీటింగ్‌లో చెప్పేశారు, కాగితాలు పంపేశారు. ఆవిడ తిరిగొచ్చి, నా మాట నిలబెట్టడానికి రెండు శనివారాలు కూర్చుని ఆ దరఖాస్తు పూర్తిచేశారు. నన్ను ఒక్క మాట అనలేదు. నాకు మాత్రం ఆ రెండు శనివారాలూ అన్నం సహించలేదు.

ఆ తర్వాత ఇద్దరం కూర్చుని ఒక కాగితం రాసుకున్నాం. నేనే తేల్చేవి: మీటింగ్ టైమ్ మార్చడం, అందినట్టు చెప్పడం, కాగితాలు అడగడం, ఇన్‌వాయిస్ గుర్తుచేయడం. అడిగి చేసేవి: కొత్త పని ఒప్పుకోవడం, కాదనడం, గడువు, డబ్బు మాట. ముట్టుకోనివి: ఆవిడ కుటుంబం మెయిల్స్, లాయర్ మెయిల్స్, బ్యాంక్. కొత్తగా ఈ పనిలోకి వచ్చేవాళ్లు మొదటి రోజే ఈ కాగితం రాయించుకోవాలి. నేను ఆరు వారాలు ఆలస్యం చేశాను.

బ్లాగు రాసిన చదువు ఇక్కడ తిరిగొచ్చింది

అమెరికా ప్రభుత్వ గ్రాంటుకి దరఖాస్తు పెట్టాలంటే సంస్థకి సామ్ డాట్ గవ్ అనే సైట్‌లో రిజిస్ట్రేషన్ ఉండాలి. దాన్ని ఏటా రెన్యూ చేయాలి. గడువు దాటితే దరఖాస్తు వెళ్లదు. అంతకుముందు ఈ సంస్థలకి డన్స్ అనే నంబర్ ఉండేది. 2022 ఏప్రిల్ 4 నుంచి దాని స్థానంలో యూఈఐ అనే గుర్తింపు వచ్చింది. ఈ మార్పు గురించి ఆవిడ కోసం బ్లాగు రాసింది నేనే. దానికోసం నాలుగు రోజులు ప్రభుత్వ పేజీలు చదివాను. అప్పట్లో పదిహేను వందల పదాల కోసం ఇంత చదవడం అవసరమా అని మా ఆయన అడిగారు కూడా.

2023 ఆగస్టులో ఒక సంస్థ నుంచి ఫార్వర్డ్ చేసిన మెయిల్ వచ్చింది. పైన ఏమీ రాయలేదు. కింద సామ్ వాళ్ల ఆటోమేటిక్ నోటీసు. చూడటానికి ఇంకో ప్రకటనలాగే ఉంది. తెలియనివాళ్లయితే న్యూస్‌లెటర్ల గుట్టలోకి తోసేసేవాళ్లు. నేను ఆ పేరు చూడగానే ఆగాను. వాళ్ల రిజిస్ట్రేషన్ సెప్టెంబర్‌లో అయిపోతోంది. ఫెడరల్ దరఖాస్తు గడువు అక్టోబర్‌లో ఉంది. రెన్యువల్‌కి కొన్నిసార్లు వారాలు పడుతుంది. ఐదు లైన్ల మెయిల్‌లో మొదటి లైన్ ఆ రోజు అదే. ఆవిడ వెంటనే ఆ సంస్థకి ఫోన్ చేశారు. గడువుకి ముందే రెన్యువల్ అయిపోయింది.

నేను అంతటితో ఆగలేదు. మిగతా పదహారు సంస్థల గడువులు కూడా ఆ సైట్‌లో ఒక్కొక్కటీ వెతికి షీట్‌లో పెట్టాను. ప్రతిదానికీ తొంభై రోజుల ముందు ఒకటి, నలభై ఐదు రోజుల ముందు ఒకటి క్యాలెండర్‌లో గంట కొట్టేలా చేశాను. లాభాపేక్ష లేని సంస్థలు ఏటా పన్ను శాఖకి పంపే ఫారం 990 తేదీలు కూడా అందులోనే. జనవరి నుంచి డిసెంబర్ లెక్క నడిపేవాళ్లకి అది మే 15.

ఆ షీట్ పంపిన మర్నాడు ఆవిడ నాతో పని గంటలు పెంచుతానన్నారు. నేను అడగలేదు. అప్పుడు నాకర్థమైంది, ఆవిడ డబ్బిస్తున్నది నా టైపింగ్‌కి కాదు, తను ఒక విషయాన్ని మర్చిపోయి నిద్రపోవచ్చు అనే ధీమాకి. ఆ ధీమా నేను ఇవ్వగలిగానంటే మూడేళ్లు ఆ పనికి సంబంధించిన విషయాలు చదివి రాసినందుకే. అందుకే స్నేహితులకి చెప్పేది ఒకటే. మీరు ఆసుపత్రుల కోసం రాసి ఉంటే ఆసుపత్రులు నడిపేవాళ్ల దగ్గరికి వెళ్లండి, రియల్ ఎస్టేట్ గురించి రాసి ఉంటే ఆ ఏజెంట్ల దగ్గరికి వెళ్లండి. ఏ నోటీసు ప్రకటనో, ఏది ప్రమాదమో మీకు చూడగానే తెలిసిపోయే చోటికి.

తుఫాను, గడియారం

2023 డిసెంబర్ 5న మిచౌంగ్ తుఫాను బాపట్ల దగ్గర తీరం దాటింది. మాకు బాపట్ల ఎంతో దూరం కాదు. 3వ తేదీ ఆదివారమే వార్తలు చూసి, ఆవిడకి ఒక పేజీ పంపాను: ఈ వారం గడువులు ఇవి, ఏ ఫైలు ఎక్కడుంది, ఎవరి జవాబు రావాలి, నేను రెండు రోజులు కనిపించకపోతే మీరు చూడాల్సినవి ఈ మూడే. ఏడాది చివర అమెరికాలో విరాళాల సీజన్. ఆ వారం ఆగకూడని వారం. అనుకున్నట్టే కరెంటు పోయింది, ఇన్వర్టర్ ఆరు గంటలకి చల్లబడింది, ఫోన్ సిగ్నల్ కూడా లేదు. ఒకటిన్నర రోజు తర్వాత లైన్లోకి వచ్చి చూస్తే ఆవిడ నుంచి ఒకటే మెసేజ్: "మీరంతా క్షేమమేనా?" పని గురించి ఒక్క ప్రశ్న లేదు. అప్పటి నుంచి ఆ పేజీని ప్రతి శుక్రవారం మారుస్తూ వస్తున్నాను. వాన పడినా, పాపకి జ్వరమొచ్చినా అదే పేజీ.

తుఫానుకి సిద్ధపడ్డ నేను గడియారానికి సిద్ధపడలేదు. 2024 జనవరిలో ఆవిడకీ, లండన్‌లోని ఒక ఫౌండేషన్ సభ్యుడికీ ప్రతి సోమవారం మీటింగ్ పెట్టాను. బోస్టన్ ఉదయం 9, లండన్ మధ్యాహ్నం 2, మనకి రాత్రి 7:30. క్యాలెండర్‌లో దాన్ని నా టైమ్ ప్రకారం, అంటే 7:30కి, వారం వారం వచ్చేలా పెట్టాను. అమెరికా గడియారాలు మార్చి 10న గంట ముందుకు జరిగాయి. లండన్‌లో మార్చి 31 దాకా జరగవు. మన దగ్గర అసలే జరగవు. మార్చి 11న మన 7:30 అంటే లండన్‌లో 2 గంటలే, కానీ బోస్టన్‌లో 10 అయింది. ఆవిడ అలవాటుగా 9కి వచ్చి ఒక్కరే కూర్చున్నారు. 10కి ఇంకో మీటింగ్‌లోకి వెళ్లారు. అప్పుడు లండన్ ఆయన వచ్చి ఒక్కరే కూర్చున్నారు. ఇద్దరికీ నేనే క్షమాపణ రాశాను, ఒక్కొక్కరికీ రెండు వాక్యాలు, సాకు లేకుండా.

ఇప్పుడు ఏ మీటింగ్ అయినా క్లయింట్ ఊరి టైమ్‌జోన్‌లోనే పెడతాను. నాలుగు ఆదివారాలు గోడ క్యాలెండర్ మీద ఎర్ర పెన్నుతో గుర్తు పెట్టుకుంటాను: మార్చి రెండో ఆదివారం, మార్చి ఆఖరి ఆదివారం, అక్టోబర్ ఆఖరి ఆదివారం, నవంబర్ మొదటి ఆదివారం. రెండు ఊళ్ల గడియారాల మధ్య తేడా మారే వారాల్లో అందరికీ ముందే ఒక మెయిల్ వెళ్తుంది.

డబ్బు, కాగితాలు

మొదట గంటకి 6 డాలర్లు అన్నాను కదా. రెండు నెలల్లోనే ఒక తిరకాసు తెలిసింది. నేను ఫిల్టర్లు, టెంప్లేట్లు పెట్టి పనిని త్వరగా ముగించేకొద్దీ నా బిల్లు తగ్గుతోంది. అందుకని జూలై నుంచి నెలవారీ పద్ధతికి మారాం. నెలకి 20 గంటలు, 200 డాలర్లు, ముందే చెల్లింపు. సామ్ షీట్ తర్వాత అక్టోబర్ నుంచి 45 గంటలు, గంటకి 12 చొప్పున 540 డాలర్లు. అప్పటి 83 రూపాయల లెక్కన దాదాపు 45 వేలు. 2022లో నాకు నెలకి వచ్చిన మొత్తం రాబడి కన్నా ఇది ఎక్కువ, అదీ ఒక్క క్లయింట్ నుంచి.

ఆవిడ అకౌంటెంట్ మొదట్లోనే డబ్ల్యూ-8బెన్ అనే ఫారం అడిగారు. నేను అమెరికా వ్యక్తిని కాదని చెప్పే కాగితం అది. నింపి క్లయింట్‌కే ఇస్తాం, అమెరికా పన్ను శాఖకి మనం పంపక్కర్లేదు. సంతకం చేసిన ఏడాది తర్వాత మూడేళ్ల చివరిదాకా చెల్లుతుంది. ఇక్కడ బ్యాంకు ప్రతి విదేశీ జమకీ పర్పస్ కోడ్ అడుగుతుంది. డబ్బు దేనికొచ్చిందో చెప్పే కోడ్ అది. తోచింది పెట్టకుండా ఆడిటర్‌ని అడిగి ఒకటే పెట్టండి, జమ వచ్చిన ప్రతిసారీ బ్యాంకు ఇచ్చే అడ్వైస్ కాగితం దాచండి. సేవల మీద జీఎస్టీ రిజిస్ట్రేషన్ పరిమితి ఏడాదికి 20 లక్షలు. నేను దానికి చాలా దూరంలో ఉన్నాను.

పాస్‌వర్డులు ఎప్పుడూ మెయిల్‌లోనో వాట్సాప్‌లోనో తీసుకోవద్దు. మేం బిట్‌వార్డెన్ అనే, పాస్‌వర్డులు భద్రంగా దాచి పంచుకునే యాప్ వాడతాం. వీలైన ప్రతిచోటా నాకు వేరే లాగిన్ పెట్టించుకున్నాను. జూమ్‌లో ఇంకొకరి తరఫున మీటింగ్ పెట్టే అనుమతి విడిగా ఇవ్వొచ్చు, అకౌంట్స్ సాఫ్ట్‌వేర్‌లో బ్యాంకు కనిపించని పాత్ర ఇవ్వొచ్చు. అర్ధరాత్రి ఆవిడ ఫోన్‌కి ఓటీపీ వెళ్లి నిద్ర చెడే బాధా తప్పింది. దాతల పేర్లు, మొత్తాలు ఉన్న ఏ ఫైలూ ఏఐ టూల్స్‌లో పెట్టను. మీటింగ్ నోట్స్ కుదించడానికి మాత్రం, ఆవిడ ఒప్పుకున్నవాటికే, వాడతాను.

ఇంట్లో

ఎండాకాలం మనకి సాయంత్రం 6:30 అంటే బోస్టన్‌లో 9. అప్పటి నుంచి రాత్రి 9 దాకా డెస్క్ దగ్గర ఉంటాను, మిగతా పని మధ్యాహ్నం నా వీలునిబట్టి. మొదట్లో అత్తయ్యగారు "రాత్రి పూట పనేంటి అమ్మాయ్, కాల్ సెంటరా?" అని అడిగేవారు. అవునో కాదో చెప్పేకన్నా చూపిద్దామని ఒకరోజు పక్కన కూర్చోబెట్టుకున్నాను. పదిహేడు సంస్థల షీట్ చూపించి, ఇది పిల్లలకి సాయంత్రం చదువు చెప్పేది, ఇది ముసలివాళ్లకి భోజనం పంపేది, వీళ్ల కాగితాలు సమయానికి వెళ్లేలా చూడటం నా పని అని చెప్పాను. ఆవిడ కాసేపు చూసి "మీ మావయ్యగారు తాలూకాఫీసులో చేసిన పనే ఇది" అన్నారు. మావయ్యగారు గుమాస్తాగా రిటైరయ్యారు. ఏ కాగితం ఎవరి బల్ల మీద ఆగిందో ఆయనకి తెలిసినట్టు ఇంకెవరికీ తెలియదని ఆఫీసులో అనేవాళ్లట. రాత్రి వంట అప్పటి నుంచి అత్తయ్యగారే చూసుకుంటున్నారు.

మర్యాద సంగతి ఒకటి. నేను ఆవిడని మేడమ్ అనేదాన్ని. మూడో వారం, పేరు పెట్టి పిలవమని అడిగారు. నోరు తిరగడానికి నెల పట్టింది. అలవాటయ్యాక మాత్రం, కాదనాల్సినప్పుడు కాదని రాయడం నాకు తేలికైంది.

ఇప్పటికి తేలనివి

ఇప్పుడు నాకు ముగ్గురు క్లయింట్లు. మిగతా ఇద్దరూ బోస్టన్ ఆవిడ చెబితే వచ్చినవాళ్లే. రాబడిలో మూడింట రెండొంతులు ఇంకా ఆవిడ నుంచే. అది ప్రమాదమని తెలుసు, తగ్గించే దారి ఇంకా పూర్తిగా దొరకలేదు. సెలవు పెడితే జీతం ఉండదు, పీఎఫ్ లేదు, ఆరోగ్య బీమా మా ఆయన కంపెనీదే. 2023 తర్వాత ఆ ఏజెన్సీకి ఒక్క పదం రాయలేదు. ఆవిడకి మాత్రం మళ్లీ నెలకి ఒక బ్లాగు రాస్తున్నాను. ఏఐ డ్రాఫ్టులు తనకి సరిపోలేదని ఆవిడే అడిగారు. దానికి పదాల లెక్క లేదు, గంటల్లోనే కలుస్తుంది.

2023 అక్టోబర్ నుంచి రేటు 12 డాలర్ల దగ్గరే ఉంది. 15 అడగాలి. మెయిల్ రాసి డ్రాఫ్టుల్లో పెట్టాను. మొదటి లైన్లో అంకె, రెండో లైన్లో ఏ నెల నుంచో, మూడో లైన్లో పదిహేడు నుంచి ఇరవై మూడుకి పెరిగిన సంస్థల షీట్ లింకు. ఈ సోమవారం మీటింగ్ అయ్యాక పంపుతాను.